స్టాక్‌హోమ్ సందులో మల్లేశు గొంతు

దయ్యాలున్నాయని నేను ఎన్నడూ నమ్మలేదు. ఇది రాస్తున్న ఈ రోజుకీ నమ్మను. ముప్పై ఏళ్లు ఫ్యాక్టరీలో ఫిట్టర్‌గా చేశాను. వెంట్రుకవాసి తేడా వచ్చినా ముక్కను పక్కన పారేసే పని అది. ఊళ్లో ఒక ముసలమ్మ చేతబడి చేస్తోందని నలుగురు కట్టెలు పట్టుకుని వస్తే, ఆమె గడపకు అడ్డంగా నిలబడి దెబ్బలు తిన్నాను. నా మాట నమ్మమని ఎవరినీ అడగను. జరిగింది జరిగినట్టు చెబుతాను, అంతే.

మాది శేరిలింగంపల్లి పక్క ఊరు. ఇప్పుడు అద్దాల ఆఫీసులు నిలబడ్డ వైపంతా అప్పుడు రాతిగుట్టలే. పొద్దున లేస్తే రాయి కొట్టే చప్పుడు వినపడేది. ఆ గుట్టల్లో ఒక క్వారీలో నా తమ్ముడు మల్లేశు రాళ్లు కొట్టేవాడు. నాకంటే ఆరేళ్లు చిన్న. మా అనసూయక్క భర్త సత్తయ్య బావ అక్కడే మేస్త్రీ. మల్లేశుకు ఆ పని ఇప్పించింది కూడా బావే.

డెబ్బై నాలుగులో మా ఫ్యాక్టరీకి స్వీడన్ నుంచి కొత్త మెషీన్లు వచ్చాయి. వాటి పని నేర్చుకోవడానికి ముగ్గురిని మూడు వారాలు స్టాక్‌హోమ్ పంపారు. అందులో నేనొకణ్ణి.

నేను బయలుదేరడానికి నాలుగు రోజుల ముందు క్వారీలో ఒక ఘోరం జరిగింది. ఈల వేయకుండా, ఎర్రజెండా ఎత్తకుండా మందు పేల్చారు. బాలమణి అనే కూలిమనిషి రాళ్లగంపతో అటే వస్తోంది. ఎగిరివచ్చిన రాయి తగిలి అక్కడికక్కడే పోయింది. గుట్ట మీంచి జారిపడి చచ్చిపోయిందని క్వారీ గుత్తేదారు పోలీసులకు రాయించాడు. వత్తి ముట్టించింది సత్తయ్య బావ. పది అడుగుల దూరంలో నిలబడి చూసినవాడు మల్లేశు.

నేను వెళ్లే రోజు పొద్దున మల్లేశు నా పెట్టె మోసుకుంటూ స్టేషన్‌కు వచ్చాడు.

"అన్నా, నేను ఠాణాకు పోయి ఉన్నదున్నట్టు జెప్త. ఆ బాలమణి పిల్లలను జూస్తే నిద్ర పడ్తలేదు."

"బావ జైలుకు పోతడురా. అక్క ఏం గావాలె?"

"మరి బాలమణి ఏం గావాలె?"

నేను వచ్చేదాకా ఆగమన్నాను. సరే అన్నాడు కానీ నా మొహం చూడలేదు.

స్టాక్‌హోమ్‌లో మూడు వారాలూ పనిలోనే గడిచిపోయాయి. ఆఖరి రోజు సెలవు. అక్కడి కంపెనీవాళ్లు మాకు పాత నగరం చూపించడానికి రెండు గంటల పాటు ఒక గైడును పెట్టారు. మిగతా ఇద్దరు బజారుకు పోతామన్నారు. అందుకని ఆ నడకకు నేనొక్కణ్ణే మిగిలాను.

గైడు పేరు బిర్గిట్టా. అరవై ఏళ్లుంటాయి. బడిలో భూగోళం చెప్పి రిటైరయిందట. బూడిదరంగు కోటు, మడమల్లేని బూట్లు, చకచకా నడక. నా ఇంగ్లీషు అంతంత మాత్రమని కనిపెట్టి నెమ్మదిగా, చిన్న చిన్న మాటల్లో చెప్పింది. వంతెన దాటించింది, రాజుగారి కోట చూపించింది, ఒక చర్చిలోకి తీసుకెళ్లింది. సన్నగా వాన పడుతోంది.

తర్వాత పాత నగరం నడిబొడ్డున ఉన్న చౌకుకు తీసుకొచ్చింది. రాళ్లు పరిచిన నేల, చుట్టూ ఎత్తయిన రంగురంగుల ఇళ్లు. నాలుగువందల యాభై ఏళ్ల కింద డెన్మార్క్ రాజు ఒకడు ఈ ఊరిని గెలిచాడట. ఎవరికీ హాని చేయనని మాటిచ్చి, పెద్దలందరినీ విందుకు పిలిచాడు. విందు అయ్యాక తలుపులు వేయించాడు. ఎనభై మందికి పైగా మనుషుల్ని ఈ చౌకులోకి తెచ్చి తలలు నరికించాడు.

"ఆ రోజు కూడా వానే. నెత్తురు నీళ్లలో కలిసి ఈ సందుల్లోంచి కిందికి పారిందట" అని బిర్గిట్టా కాలితో నేలను చూపించింది.

నాకు భయమేమీ వేయలేదు. ఆ సంగతి గట్టిగా చెబుతున్నాను. మధ్యాహ్నం ఏం తినాలా అని ఆలోచిస్తున్నాను.

అక్కణ్ణుంచి ఆ ఊళ్లోకెల్లా ఇరుకైన సందుకు తీసుకెళ్లింది. రెండు చేతులూ చాపితే రెండు గోడలూ తగులుతాయి. కిందికి మెట్లు. ఆమె ముందు, నేను వెనుక. గడియారం చూసుకున్నాను, పదకొండు.

నాలుగైదు మెట్లు దిగామో లేదో, రాయి కొట్టే చప్పుడు వినపడింది. ఉలి మీద సుత్తి పడే చప్పుడు. ఎక్కడో మరమ్మతు చేస్తున్నారనుకున్నాను. బిర్గిట్టా ఆగింది. గోడవైపు తిరిగింది. ఆ వీపు వణకడం చూశాను. ఒంట్లో బాగాలేదేమోనని దగ్గరకు వెళ్లాను.

ఆమె నావైపు తిరిగింది. నోరు తెరిచింది. వచ్చిన గొంతు మల్లేశుది.

"అన్నా, బావనే నా చేతులు పట్టిండు. పెద్ద గుంతల ఏసిన్రు. అమ్మకు జెప్పకే."

ఊపిరాడని మనిషి మాట్లాడినట్టుంది. కానీ మాట మాట స్పష్టంగా విన్నాను. ఆ వెంటనే నా తల వెనుక ఏదో పడింది. ఇనుము దెబ్బ ఎలా ఉంటుందో ఫ్యాక్టరీలో పనిచేసిన నాకు తెలుసు. రెండో దెబ్బకు మోకాళ్ల మీద పడ్డాను. మూడో దెబ్బకు కళ్లు చీకట్లు కమ్మాయి.

తెలివొచ్చేసరికి మెట్ల మీద పడి ఉన్నాను. కళ్లలోకి నెత్తురు కారుతోంది. బిర్గిట్టా తన మెడకు చుట్టుకున్న గుడ్డను నా నుదుటికి అదిమిపెట్టి ఏడుస్తోంది. మెట్టు మెట్టుకూ నా నెత్తురు వాననీళ్లతో జారుతోంది.

టాక్సీలో దవాఖానకు తీసుకెళ్లింది. నుదుటి మీద ఏడు కుట్లు పడ్డాయి. వెనుక కూడా దెబ్బ తగిలిందని నర్సుకు చేత్తో చూపించాను. ఆమె నా జుట్టు పాయలు తీసి వెతికింది. వెనుక గీత కూడా లేదని చెప్పింది. బిర్గిట్టా ఆ గదిలో ఒక మూల కూర్చుని ఒక్క మాటా మాట్లాడలేదు. నా అడ్రసు మాత్రం ఒక కాగితం మీద రాయించుకుంది. మర్నాడు పొద్దున్నే మా విమానం.

ఇంటికి వచ్చేసరికి అమ్మ అరుగు మీద కూలబడి ఉంది. మల్లేశు నాలుగు రోజులుగా కనపడటం లేదు. పని కోసం బొంబాయి రైలెక్కాడని సత్తయ్య బావ చెప్పాడట. అందరికంటే ఎక్కువ తిరిగి వెతుకుతున్నదీ ఆయనేనట. నన్ను చూడగానే మెడ మీద పడి ఏడ్చాడు. తర్వాత నా కట్టు చూశాడు.

"తలకేమైంది బామ్మర్ది?"

"మెట్ల మీద పడ్డ."

ఆయన చేతులు చూశాను. కుడిచేతి మణికట్టు దగ్గర గోళ్లతో రక్కిన గాట్లు, ఎండి నల్లబడి ఉన్నాయి.

ఏం చేయాలో తోచలేదు. పరాయి దేశంలో తెల్లామె నోట తమ్ముడు మాట్లాడాడని ఎవరికి చెప్పను? ఒకవేళ అది నా భ్రమే అయితే అక్క కాపురాన్ని నేనే కూల్చినవాణ్ణవుతాను. రోజంతా నాలో నేనే గింజుకుని, మర్నాడు పొద్దున అక్కను ఇంటి వెనుకకు పిలిచి మొత్తం చెప్పాను. అరుస్తుందనుకున్నాను. కొడుతుందనుకున్నాను.

అక్క రెండూ చేయలేదు.

"మల్లేశు కనవడకుంట పోయిన నాడు మీ బావ వానల తడిసొచ్చిండు. చెంబెడు నీళ్లు తోడుకోనోడు, బట్టలు ఆయననే పిండుకుండు. ఏంది గిట్ల జేస్తున్నవంటె నా మీదికి చెయ్యెత్తిండు" అంది. తర్వాత కొంగుతో మొహం తుడుచుకుంది. "పోరా. పోయి గుంత దేవులాడు. నా గురించి ఫికర్ జేయకు."

పెద్ద గుంత అంటే రాయి తీసి తీసి వదిలేసిన పాత క్వారీ. వానలకు నిండి నల్లగా ఉంటుంది. ఎంత లోతో ఎవరికీ తెలియదు. పోలీసు ఎస్సై మొదట నవ్వాడు. అనుమానంగా ఉందని మాత్రమే చెప్పి బతిమాలాను. ఈతగాళ్లను ముగ్గురిని దింపారు. ఊరంతా గుట్ట మీద చేరింది. బావ కూడా వచ్చి నా పక్కనే నిలబడ్డాడు.

మధ్యాహ్నానికి నీళ్లలోకి వేసిన కొక్కేనికి శవం తగిలింది. నడుముకు రెండు బండరాళ్లు కట్టి ఉన్నాయి. తల వెనుకభాగం లోపలికి కుంగిపోయి ఉంది. మొహం మాత్రం మల్లేశుదేనని తెలుస్తోంది.

తర్వాత నేను చేసింది నాకు ముక్కలు ముక్కలుగానే గుర్తుంది. చేతికందిన రాయి తీసుకుని బావ నోటి మీద కొట్టాను. పడిపోయాక ఛాతీ మీద కూర్చుని మళ్లీ కొట్టాను. పళ్లు విరిగి నా చేతికి గుచ్చుకున్నాయి. ఇద్దరు కానిస్టేబుళ్లు లాగితే గానీ వదల్లేదు. అప్పటికి నా కుట్లు తెగి నా నెత్తురు ఆయన మొహం మీద పడుతోంది.

నేల మీద పడి ఉండగానే బావ అందరి ముందూ చెప్పేశాడు.

"ఠాణాకు పోతనని మొండికేసిండు. పట్టుకున్నది నేనే. గడ్డపారతోని కొట్టింది గుత్తేదారు మనిషి. జర బెదిరిస్తమన్నరు, సంపుతరని నాకు తెల్వది... వాడు అన్నా అన్నా అని మొత్తుకున్నడు..."

ఎప్పుడని ఎస్సై అడిగాడు. వానకు కూలీలు వెళ్లిపోయాక, మూడున్నర ప్రాంతంలో అన్నాడు. ఏ రోజో చెప్పాడు. నేను ఆ సందులో పడ్డ రోజే. అక్కడ పదకొండయితే ఇక్కడ మూడున్నర.

గుంతలో ఉన్నాడని నీకెలా తెలుసని ఎస్సై నన్ను రెండు రోజులు ఠాణాలో కూర్చోబెట్టి అడిగాడు. పాస్‌పోర్టు మీద ముద్రలు లేకపోతే నన్నూ కేసులో కలిపేవాడు. అసలు సంగతి మాత్రం చెప్పలేదు. చెబితే ఇంకో రెండు రోజులు కూర్చోబెట్టేవాడు.

కోర్టులో బావకూ, కొట్టినవాడికీ శిక్ష పడింది. గుత్తేదారు తప్పించుకున్నాడు. అనసూయక్క పిల్లల్ని తీసుకుని మా ఇంటికి వచ్చేసింది. జైలుకు ఒక్కసారి కూడా వెళ్లలేదు. అమ్మ మాత్రం ఆ గుంత నుంచి తెచ్చిన శవాన్ని చూశాక ఏడాది కూడా బతకలేదు. చెప్పొద్దని వాడు అడిగాడు. దాచడం నా చేతకాలేదు.

కేసు నడుస్తుండగానే బిర్గిట్టా దగ్గర్నుంచి ఉత్తరం వచ్చింది. ఇంగ్లీషులో, బడిపంతులమ్మ గుండ్రటి రాతలో ఉంది. నా గాయం మానిందా అని అడిగింది. ఆ సందులోకి తను మళ్లీ వెళ్లలేదంది. నన్ను ఆపలేకపోయినందుకు క్షమించమంది.

ఆపడమేమిటో నాకు అర్థం కాలేదు. రెండో పేజీలో వివరంగా రాసింది. ఆమె ఆ సందులో ఒక్క మాట కూడా మాట్లాడలేదట. వెనుక నా నడక ఆగిపోతే తిరిగి చూసిందట. నేను గోడవైపు తిరిగి, రెండు చేతులూ ఎవరో వెనక్కి విరిచి పట్టుకున్నట్టు పెట్టుకుని నిలబడి ఉన్నానట. నా భాషలో ఎవరినో బతిమాలానట. ఆ గొంతు నాది కాదట, ఇంకా చిన్నవాడిదట. ఆ తర్వాత నా తల మూడుసార్లు ముందుకు వెళ్లి గోడకు కొట్టుకుందట. "మీరు కొట్టుకున్నట్టు లేదు, ఎవరో వెనుక నుంచి కొడితే వెళ్లినట్టుంది. కానీ మీ వెనుక ఎవరూ లేరు" అని రాసింది.

ఆఖరున ఒక ప్రశ్న అడిగింది.

పడిపోయేదాకా నేను ఒకే పేరు పదే పదే అరిచానట. తనకు వినపడినట్టుగా అక్షరం అక్షరం విడదీసి రాసింది. 'గడ్డపార' అనే ఆయన మీకు ఏమవుతారు? ఆయన క్షేమంగా ఉన్నారా? అని.

ఆ సందులో గడ్డపార అన్న మాట నేను వినలేదు, అనలేదు. ఆ మాట ఆ విషయంలో నాకు తెలిసింది గుంత ఒడ్డున, బావ నోటి నుంచే. ఆమె విన్నది నిజమా, నేను విన్నది నిజమా, రెండూ నిజమైతే అదెలా కుదురుతుందో నాకు తెలియదు. జవాబు రాద్దామని ఎన్నోసార్లు కాగితం ముందు పెట్టుకున్నాను. ఆ ప్రశ్న దగ్గరకు వచ్చేసరికి మడిచి పక్కన పెట్టేసేవాణ్ణి. ఆ ఉత్తరానికి నేను ఎన్నడూ జవాబు రాయలేదు.