పరకాల బస్సులో విన్న గొంతు

హన్మకొండలో ఎక్కిన పరకాల బస్సులో, నా పక్కన కూర్చున్న అమ్మాయిని ఎదుటి సీటు పెద్దమ్మ అదేపనిగా చూసింది.

“మొన్నటి సినిమాల చెల్లె వేషం ఏసింది నువ్వే గదా బిడ్డా?”

“నేనే పెద్దమ్మా.”

“ఉత్తదే! గా పిల్ల గొంతు వేరే. మాట గూడ మన తీరు గాదు,” అని పెద్దమ్మ తేల్చేసి కిటికీ వైపు తిరిగింది.

అమ్మాయి నా వైపు తిరిగింది. మెల్లగా అంది: “నా మాట పనికిరాదట. మద్రాసుల వేరేటామెతోని డబ్బింగు చెప్పిచ్చిన్రు. మా అమ్మ గూడ టాకీసుల, ‘నువ్వెప్పుడు మాట్లాడ్తవే?’ అనడిగింది.”

నవ్వి, ఆత్మకూరులో దిగిపోయింది.

ఆ సినిమా ఇప్పుడు టీవీలో వస్తుంటుంది. చెల్లెలు నోరు తెరవగానే నేను సౌండు తీసేస్తాను. ఏమీ వినబడటం లేదని ఇంట్లోవాళ్లు విసుక్కుంటారు.