మోరీ గట్టున దొరికింది

నా చిన్నప్పుడు వరంగల్‌లో మా ఇంటి వెనక పారే వాగును ఎవరూ వాగు అనేవారు కాదు, మోరీ అనేవారు. ముక్కు మూసుకుని దాటేవాళ్లం. ఓ ఏడు వానలు వెనకబట్టే వేళ మా అమ్మ జబ్బుపడి పెద్ద దవాఖానలో చేరింది. నాన్న పొద్దంతా మార్కెట్లో బస్తాలు మోసేవాడు. అమ్మకు పక్కింటి ఖాలా వండేది; ఖాలా అంటే వాళ్ల ఉర్దూలో పిన్ని, మేమూ అలాగే పిలిచేవాళ్లం. ఒక చేత్తో టిఫిన్ డబ్బా, ఒక చేత్తో నన్ను పట్టుకుని, మోకాళ్ల నొప్పులతోనే గట్టు వెంబడి నడిచేది.

అమ్మ గోడవైపు తిరిగి పడుకునేది. ఏం పెట్టినా వద్దనేది. తినకపోతే మందులు పనిచేయవని నర్సు కసిరేది. డబ్బా నిండుగానే తిరిగొచ్చేది. అమ్మ ఇక ఇంటికి రాదేమోనని నాకు ఒకటే భయం.

ఒకరోజు గట్టు మీద కూలబడి, రానని ఏడ్చాను. తిడుతుందనుకున్నాను. ఖాలా "యా అల్లా" అంటూ నా పక్కనే కూర్చుంది.

"రోగి కాడికి ఒట్టి చేతులతోని పోవద్దంటరు గద బిడ్డా. మేం తెచ్చే బువ్వ మీ అమ్మకు వద్దాయె. ఇయ్యాల నువ్వేమన్న తీస్కపో."

"ఈడ కంపు తప్ప ఏమున్నది?"

"కంపుంటది. ముక్కుతోనే చూస్తవా? జర కండ్లతోని గూడ చూడు."

చూశాను. అవతలి గట్టంతా గునుగు పూసి తెల్లగా ఊగుతోంది. నీళ్లలో సగం మునిగిన టైరు మీద నీలంగా ఓ లకుముకి పిట్ట. చటుక్కున దూకి చేపపిల్లను పట్టి, టైరుకేసి టపటపా బాది మింగేసింది. అమ్మో! అది రోజూ అక్కడే ఉండేదేమో.

దవాఖానలో నేను అమ్మ మంచం మీదికెక్కి, పిట్ట చేపను బాదిన తీరు చేతులతో చేసి చూపించాను. అమ్మ మెల్లగా ఇటు తిరిగింది.

"మన మోరీలనా?" అంది.

అవునన్నాను. నేను చెబుతూనే ఉన్నాను, ఖాలా ముద్ద కలిపి అమ్మ నోట్లో పెట్టింది. అమ్మ నమిలింది. ఖాలా ఏమీ ఎరగనట్టు ఇంకో ముద్ద కలిపింది.

మర్నాటి నుంచి అమ్మే అడిగేది, "ఏం తెచ్చినవ్?" అని. బతుకమ్మ నాటికి ఇంటికొచ్చింది. ఆ ఏడు బతుకమ్మలో పేర్చడానికి మాకు గునుగు పూలు కోసుకొచ్చింది ఖాలాయే.

ఇప్పుడు వాగుకు రెండువైపులా సిమెంటు గోడలు. ఖాలా లేదు, అమ్మా లేదు. మోకాళ్ల నొప్పులు నాకొచ్చాయి. మా ఆయన అదే దవాఖానలో ఉన్నాడు, నేను డబ్బా పట్టుకుని అదే దారిన పోతున్నాను. అలసిపోయాను, అబద్ధమెందుకు. డబ్బా అక్కడ పెట్టేసి ఇంటికెళ్లి పడుకుందామా అనిపిస్తుంది. అయినా గోడ దగ్గర కాసేపు ఆగుతాను, చూస్తాను. నిన్న సిమెంటు పగుల్లో గునుగు మొక్కొకటి మొలిచి, ఒక్క కంకి వేసింది.

"ఏం తెచ్చినవే?" అన్నాడు ఆయన, కళ్లు తెరవకుండానే.

చెప్పాను. ముద్ద కోసం నోరు తెరిచాడు.