వీరభద్రం గారు, ఒక ప్రశ్నగుర్తు

మంగలి షాపులో గడ్డానికి నురగ పట్టించుకుని కూర్చున్నాను. గోడమీది టీవీలో ఢామ్మని చప్పుడు, వెంటనే కత్తులు దూసినట్టు సంగీతం. కింద ఎర్రపట్టీలో ‘గోదావరిలో యువకుడు గల్లంతు’ అని పరుగెడుతోంది. "సౌండు తగ్గించవయ్యా" అన్నాను. "మీరు చేసిన ఛానలే కదండీ బాబాయిగారూ!" అని షాపతను నవ్వాడు. నేను పనిచేసింది ఛానల్లో కాదు, పేపర్లో. ఆ తేడా వినే ఓపిక రాజమండ్రిలో ఇప్పుడెవరికుంది? నాకు ఆ తేడా నేర్పింది మా న్యూస్ ఎడిటర్ వీరభద్రం గారు.

మా పేపరు గోదావరి జిల్లాల కోసమే పుట్టింది. వానొస్తే కారే రేకుల షెడ్డు, అందులో ఒక్క ప్రింటింగు మెషిను. తెగిన కాలవగట్లూ, కొబ్బరి ధరలూ, ద్రాక్షారామం ఉత్సవాలూ వేసుకుంటూ ఎదిగింది. నేను అయిదో తరగతితో బడి మానేసి, పొట్లాల కాగితాలు చదువుకుంటూ అక్షరం పట్టుకున్నవాణ్ణి. వీరభద్రం గారు డిగ్రీ ఊసెత్తకుండా ఒక పేజీ నా చేతిలో పెట్టి తప్పులు దిద్దమన్నారు. ప్రూఫ్ రీడరుగా తీసుకున్నారు. చివరిదాకా నన్ను "అండి" అనే పిలిచారు.

చేరిన కొత్తలో ఒక పడవ ప్రమాదం వార్తను ‘ఇద్దరు గల్లంతు’ అన్న శీర్షికతో వదిలేశాను. ఆయన పిలిచారు.

"గల్లంతేంటండీ? ఓట్లు గల్లంతవుతాయి, ఫైళ్ళు గల్లంతవుతాయి. మనిషి గల్లంతవడమేంటి? వాడికోసం ఇంట్లో ఒకావిడ అన్నం మూతపెట్టి కూర్చునుంటుంది. ఆవిడ చదువుతుందనుకుని రాయండి."

‘ఇంకా ఇంటికి రాలేదు’ అని మార్పించారు. "సింగిల్ కాలమ్‌లో పట్టదండీ" అని సబ్ ఎడిటర్ గొణిగితే, "పక్కనున్న మంత్రిగారి ఫొటో కొంచెం నొక్కండి, ఆయనకేం ఊపిరాడకపోదు" అన్నారు.

తరవాత యజమాని గారబ్బాయి చేతికి పెత్తనం వచ్చింది. ముందు కేబుల్లో సాయంత్రం వార్తలు, ఆపైన సొంత ఛానలు. కింద పేపరు, మేడమీద స్టూడియో. మేడమీద ఏసీ నీళ్ళు మా బల్లలమీద కారేవి. పాత షెడ్డే నయమనుకునేవాళ్ళం.

ఆ ఏడు గాలివానకి ఉప్పాడ నుంచి వేటకెళ్ళిన బోటొకటి తిరిగి రాలేదు. అందులో నలుగురున్నారు. విలేకరి ఊళ్ళో లేడని నన్ను పంపారు. నేను వెళ్ళేసరికి మధ్యాహ్నం. గాలి తగ్గింది. వెతకడానికి ఒడ్డున బోట్లు సిద్ధం చేస్తున్నారు. అంతలో ఒడ్డున టీ కొట్టు టీవీలో, మా ఛానల్లోనే, ‘నలుగురు జాలర్లు మృతి?’ అని పట్టీ వచ్చింది. చూస్తుండగానే ఒక్కొక్కరూ చేతిలో తాడు వదిలేశారు. "పోయినోళ్ళ కోసం ఉన్నోళ్ళం కూడా పోవాలేంటండీ, ఈ సముద్రంలో?" అన్నాడొకాయన. పోలేదయ్యా, ఎవరూ చూడలేదయ్యా అని నేను బతిమాలాను. "మీ టీవీయే కదండీ చెప్పింది!" అన్నారు.

నూకరత్నం అనే ఆవిడ నా చొక్కా పట్టుకుంది. ఆమె భర్త ఆ బోటులో ఉన్నాడు. "మా ఆయన సచ్చిపోయాడని మీకెవరు చెప్పారండీ? తీయించండి బాబూ ఆ మాట. తీస్తే గానీ ఈళ్ళు ఎళ్ళరు."

వీరభద్రం గారికి ఫోన్ చేశాను. ఫోను చేత్తో పట్టుకునే మేడెక్కినట్టున్నారు, నాకంతా వినిపించింది.

"క్వశ్చన్ మార్క్ పెట్టాం కదండీ, ఇంకేంటి మీ బాధ?" అంది ఛానల్ ఇన్‌ఛార్జి గొంతు.

"అది క్వశ్చన్ మార్క్ కాదయ్యా, గాలం. ఎవరి గొంతులో దిగిందో ఒక్కసారి చూడు!"

"మీరు కిందకెళ్ళి మీ పేపరు చూసుకోండి సార్."

కిందకెళ్ళి పేపరే చూసుకున్నారాయన. మర్నాడు మొదటి పేజీలో సగం మేర అదే వార్త: నలుగురూ ఇంకా ఇంటికి రాలేదు, చనిపోయారనడానికి ఆధారం లేదు, వెతకాలి. తెల్లవారాక దాన్ని ఒడ్డున నిలబడి గట్టిగా చదివాను. అప్పుడు కదిలాయి బోట్లు. ఐసు పెట్టె పట్టుకుని తేలుతున్న ఇద్దరు దొరికారు, మిగతా ఇద్దరి జాడ లేదు. నూకరత్నం పరుగెత్తుకెళ్ళి వాళ్ళ మొహాలు చూసింది. "నిన్న సాయంత్రం దాకా మాతోనే ఉన్నాడక్కా. చేతులు తిమ్మిరెక్కి వదిలేశాడు" అన్నాడు అందులో చిన్నవాడు. ఆవిడ ఏడవలేదు. నిన్నంతా ఒడ్డునే ఆగిపోయిన ఆ బోట్లవైపు తిరిగి చూసింది.

ఆ రోజంతా మా ఛానల్లో ‘మా కథనానికి స్పందన, మృత్యుంజయులైన జాలర్లు’ అని వేసుకున్నారు! సిగ్గన్నది ఉంటుందా వీళ్ళకి? వీరభద్రం గారు కళ్ళజోడు జేబులో పెట్టుకుని వెళ్ళిపోయారు, మళ్ళీ రాలేదు. కొన్నాళ్ళకి పేపరే ఆగిపోయింది.

ఆఖరిసారి ఆయన్ని మంచంమీద చూశాను. "మీరు రాయబట్టే ఇద్దరు బతికారండీ" అన్నాను. ఆయన గోడవైపు తిరిగారు. "ఉప్పాడ ఎంత దూరమండీ? ఆ మధ్యాహ్నమే కారెక్కి వచ్చి ఒడ్డున అరవాల్సింది. నేను అచ్చు కోసం తెల్లారేదాకా ఆగాను. అలవాటు."

ఆయన దగ్గర నేర్చుకున్న అక్షరాలన్నీ నాతో ఉన్నాయి. కానీ నన్ను పట్టుకుని వదలనిది, ‘అచ్చు కోసం ఆగాను’ అన్న ఆ ఒక్క మాట. ఇప్పుడు ఏ ఛానల్లో తప్పు మాట కనబడినా అప్పటికప్పుడు ఫోన్ చేసి తిడతాను. "తాతగారు మళ్ళీ చేశారు" అని అవతల నవ్వుకోవడం వినిపిస్తుంది. నవ్వుకోనివ్వండి. వాళ్ళు ఆ మాట తీసేదాకా నేను ఫోన్ పెట్టను.