రాన్ మీద వేసిన నింద

ఒక మనిషికి ఉన్న ఒకే ఒక్క ఆస్తి, ఆయన మంచి పేరు. దాన్ని నేను పాడుచేశాను. ఏళ్ళ తరబడి ఆ బరువు మోస్తున్నాను. మీరు నన్ను ఎరగరు, నేను మిమ్మల్ని ఎరగను. అందుకే మీకు చెప్పగలుగుతున్నానేమో.

కెనడాలో, ఒషావా అనే ఊళ్ళో చదువుకుంటున్న రోజులవి. మనవాళ్ళు విమానాలకు విమానాలు నింపుకుని దిగుతున్న కాలం. మేమంతా అద్దెకుండే బేస్‌మెంట్ గుమ్మంలో ఎవరి చెప్పులు ఎవరివో తెలిసేది కాదు. మిగతావాళ్ళు క్రికెట్ అంటే ప్రాణం పెట్టేవాళ్ళు. నేను సికింద్రాబాద్‌వాణ్ణి. నాకు చిన్నప్పటినుంచీ ఫుట్‌బాలే. వెనక నిలబడి గోల్ కాపాడే డిఫెండర్‌ని. వేర్‌హౌస్‌లో షిఫ్ట్ లేని సాయంత్రాలు నాలాంటివాళ్ళం కొందరం కలిసి పార్కులో ఆడేవాళ్ళం.

రాన్ అక్కడే పరిచయమయ్యాడు. అరవై దాటిన ఇంగ్లండ్ మనిషి. స్కూల్ బస్సు నడిపేవాడు, శని, ఆదివారాల్లో ఊళ్ళో పిల్లల టీమ్‌కి కోచింగ్ ఇచ్చేవాడు. ఒకరోజు కుక్కను తిప్పుతూ ఆగి మా ఆట చూశాడు. తిన్నగా లోపలికి వచ్చి, నా భుజం పట్టుకుని కాస్త పక్కకు జరిపి, తన దారిన వెళ్ళిపోయాడు. ఆ పూట నన్ను దాటి ఎవడూ పోలేకపోయాడు. మర్నాటినుంచి ఆయన వస్తాడా అని దారి చూసేవాణ్ణి.

ఆయనా డిఫెండరే. పెద్ద క్లబ్బులేవీ ఆయన్ని పిలవలేదు. కింది డివిజన్లలో ఏడాదికో ఊరు. కాంట్రాక్టు అయిపోగానే సంచి సర్దుకోవడం, ఇంకో ఊళ్ళో అద్దె గది వెతుక్కోవడం. బురద మైదానాలు, మోకాళ్ళకు ఇంజెక్షన్లు. ఒక ఊళ్ళో సీజన్ మొత్తం ఆడినా, చివరి రోజున గేటు దగ్గరి మనిషి టికెట్ అడిగాడట. ఇవన్నీ ఫ్లాస్కులోంచి టీ వంపుకుంటూ, నవ్వుతూ చెప్పేవాడు. గెలిచిన కప్పులు లేవు, గోడమీద ఫొటోలు లేవు. ఒక్క సంగతి చెప్పేటప్పుడు మాత్రం వీపు నిటారుగా అయ్యేది. అన్నేళ్ళ ఆటలో తన కాలు తగిలి ఎవరూ స్ట్రెచర్ ఎక్కలేదట. దాటిపోయినవాణ్ణి పోనివ్వాలి, గోల్ పడితే పడుతుంది, వెనకనుంచి కాలు మాత్రం పెట్టకూడదు. ఆయన నాకు నేర్పినవాటిలో మొదటిది ఇదే.

ఆ వేసవిలో మన తెలుగు సంఘం వాళ్ళు స్టూడెంట్స్‌కి టోర్నమెంట్ పెట్టారు. మా ఒషావా టీమ్‌కి రాన్ కోచ్. పక్క ఊరు ఏజాక్స్ టీమ్‌లో నరేశ్ ఉన్నాడు. కరీంనగర్ కుర్రాడు, నా క్లాస్‌మేట్. కెనడాలో దిగిన కొత్తలో ఇద్దరం ఒకే పరుపు మీద పడుకున్నాం. ఆ వారమే అతనికి కో-ఆప్ జాబ్, అంటే చదువులో భాగంగా చేసే జీతం ఉద్యోగం, వచ్చింది. నాకు రాలేదు. కౌగిలించుకుని కంగ్రాట్స్ చెప్పాను. నోటితో పలకరించి నొసటితో వెక్కిరించడమంటే ఏమిటో నాకప్పుడే తెలిసింది.

ఆటలో అతను నన్ను పదే పదే దాటిపోయాడు. ఒకసారైతే బంతి నా కాళ్ళ మధ్యనుంచే పోయింది. టెంటు కింద బిర్యానీ తింటున్నవాళ్ళు ఈలలు వేశారు. మళ్ళీ దాటాడు. ఈసారి వెనకనుంచి కాలు పెట్టాను. బంతి కోసమా? బంతి అప్పటికే ముందుకు వెళ్ళిపోయింది. టీమ్ కోసమా? అలా నమ్మాలని చాలా ప్రయత్నించాను. జాబ్ వచ్చినవాడు, అందరిచేతా ఈలలు వేయించుకున్నవాడు, నా ముందు ఒక్కసారి నేలమీద పడి ఉండాలనుకున్నాను. పడ్డాడు. అతని మోకాలు తిరగకూడని వైపు తిరిగింది. ఆ అరుపు గురించి రాయలేను.

అంబులెన్స్ వెళ్ళాక నరేశ్ కజిన్ ఫోన్ చేతిలో పట్టుకుని, కావాలనే తన్నిండు, పోలీసులను పిలుస్తనంటూ కేకలు మొదలుపెట్టాడు. పోలీసు కేసంటే స్టడీ పర్మిట్, రేపు ఇక్కడే స్థిరపడనిచ్చే పీఆర్, అన్నీ గంగలో కలిసినట్టే. సంఘం పెద్ద, మేమంతా అంకుల్ అని పిలిచే ఆయన, దగ్గరికి వచ్చారు. రాన్ అక్కడే ఉన్నాడు.

"ఏంటి బాబూ ఇది? ఎందుకలా చేశావ్?"

"కోచ్ చెప్పారంకుల్. దాటితే పడేయమన్నారు. పెద్దాయన చెప్తే చేశా."

మనలో ఆ మాటకెంత బలముందో నాకు తెలుసు. పెద్దలు చెప్తే చేశానంటే పిల్లవాడి తప్పు పెద్దల ఖాతాలోకి పోతుంది. ఇంట్లో, బడిలో చిన్నప్పటినుంచీ చూసిందే. అంకుల్ ముఖం మెత్తబడింది. రాన్ వైపు తిరిగి ఇంగ్లీషులో అడిగారు, పడేయమని మీరే చెప్పారట, నిజమేనా అని. రాన్ నన్ను చూశాడు. ఆ కజిన్ చేతిలోని ఫోన్‌ను చూశాడు. నేను తల దించుకున్నాను.

"ఎస్. ఐ టోల్డ్ హిమ్ టు" అన్నాడు.

ఫోన్ జేబులోకి వెళ్ళిపోయింది. కుర్రవాణ్ణి చెడగొట్టిన ముసలివాడు దొరికాక కుర్రవాడితో ఎవరికీ పని లేకపోయింది. సంఘం వాళ్ళు ఫిర్యాదు చేస్తే పిల్లల టీమ్‌నుంచి ఆయన్ని తీసేశారు. తర్వాత ఆయన కుక్కను వేరే వీధిలో తిప్పుకునేవాడు.

ఆయనే ఒప్పుకున్నాడు కదా, నాదేముంది? ఇలా ఎన్నిసార్లు సర్దిచెప్పుకున్నానో. నన్ను కాపాడ్డానికే ఒప్పుకున్నాడని తెలియనంత చిన్నవాణ్ణా? పీఆర్ రాగానే అందరికీ నిజం చెప్పేస్తాననుకున్నాను. పీఆర్ వచ్చింది. సిటిజన్‌షిప్ రానీ అనుకున్నాను. అదీ వచ్చింది. అప్పుడు వెళ్ళి చూస్తే ఆ ఇంట్లో వేరేవాళ్ళున్నారు. ఆయన మరో ఊరికి మారిపోయాడట. ఊళ్ళు మారడం ఆయనకు కొత్త కాదు. వెతికితే దొరుకుతాడు. నేను వెతకలేదు.

అడుసు తొక్కనేల, కాలు కడగనేల అంటారు. నేను తొక్కాను, కడుక్కోనూ లేదు.

నరేశ్‌కి కో-ఆప్ పోయింది, ఆ సెమిస్టర్ పోయింది. ఎలాగో నిలదొక్కుకుని ఇప్పుడు కాల్గరీలో ఐటీ జాబ్ చేస్తున్నాడు. మంచు పడితే గోడ పట్టుకుని నడుస్తాడు. ప్రతి పండక్కీ ఫోన్ చేస్తాడు. వాళ్ళ పాప నన్ను మామా అంటుంది. ఆ రోజు మాట వస్తే, నీ తప్పేముందిరా, అంతా గా ముసలోడే చేసిండని రాన్‌ని బూతులు తిడతాడు. నేను ఊఁ కొడతాను. నా స్నేహితుడు నన్ను క్షమించి, తనకు ఏ హానీ చెయ్యని మనిషిని ద్వేషిస్తున్నాడు. ఈసారి ఫోన్ వస్తే చెప్తానా? చెప్తానని మాటివ్వలేను. నా మాట విలువెంతో మీరూ చూశారు కదా.

ఇది రాస్తుంటే ఊపిరి కాస్త తేలిగ్గా ఆడుతోంది. అందుకు కూడా సిగ్గుగానే ఉంది. కానీ ఒకటి దాచాను, అదీ చెప్పేస్తాను. నేను కాలు పెట్టబోతున్నప్పుడు మైదానం గీత అవతలనుంచి రాన్ గొంతు చించుకుని అరిచాడు. వదిలెయ్, పోనివ్వు అని. ఈలల హోరులో వినపడలేదని ఇన్నాళ్ళూ నాకు నేను చెప్పుకున్నాను.

వినపడింది. విన్నాకే కాలు పెట్టాను.