టోపీ మీద చెయ్యి

నాకు ముక్కు మీదే కోపం. డెబ్బై అయిదు దాటినా అది దిగిరాలేదు. అందుకే, జర్మనీలో, డార్మ్‌స్టాట్‌లో మా అమ్మాయి ఇంట్లో సోఫా మీద నా పక్కన కూర్చుని, ఎనిమిదేళ్ళ మనవరాలు "తాతా, ఈ సినిమాలో నువ్వు ఎక్కడా లేవు" అనేసరికి ఒళ్ళు మండింది. లేకపోవడమేమిటి? ఆ సినిమాలో నేను ఎన్నిసార్లు చచ్చానో నాకే గుర్తులేదు.

తెలుగులో కౌబాయ్ సినిమాలు మొదలైన కొత్తలో నేను మద్రాసులో ఫైటర్ని. ఫైటరంటే గుర్రం మీంచి పడేవాడు, మేడ మీంచి పడేవాడు, తుపాకీ పేలగానే పడేవాడు. మొత్తానికి పడేవాడు. పొద్దున బందిపోటుగా చచ్చి, నాలుగిడ్లీలు తిని, మీసం మార్చుకుని, మధ్యాహ్నం షెరీఫ్ మనిషిగా మళ్ళీ చచ్చేవాణ్ణి. చచ్చినవాడే మళ్ళీ వచ్చాడని హాల్లో ఎవడైనా కనిపెడితే సినిమా నవ్వులపాలు. అందుకని పడేటప్పుడు ముఖం కెమెరాకి చిక్కకూడదనేది మా ఫైట్ మాస్టారి నియమం. మిగతావాళ్ళు మెడ తిప్పేసేవాళ్ళు. అలా తిప్పితే నాకు భుజం దెబ్బతినేది. అందుకే ఎడమ చేత్తో టోపీ అంచు పట్టుకుని, ముఖానికి అడ్డంగా దించుకుని పడేవాణ్ణి. టోపీ ఎగిరిపోయిందా, షాట్ పోయినట్టే. మళ్ళీ పడాలి. మళ్ళీ పడ్డం ఎవడికి సరదా?

మాస్టారిది ఇంకో నియమం ఉండేది. హీరోకి డూప్ వేస్తే ఆ సంగతి పెళ్ళానిక్కూడా చెప్పకూడదు. "జనం వచ్చేది ఆయన దూకితే చూద్దామనిరా. నువ్వు నోరు తెరిచావంటే వాళ్ళ సరదా చచ్చిపోతుంది" అనేవారు. నేను తెరవలేదు. పెళ్ళయిన కొత్తలో మా ఆవిణ్ణి ఈ సినిమాకే తీసుకెళ్ళాను. గుట్ట మీంచి, పరిగెత్తే గుర్రబ్బండి మీదికి హీరో దూకితే హాలంతా ఒకటే ఈలలు. మా ఆవిడ నా చెయ్యి గట్టిగా పట్టుకుని, "చూశారా, మగాడంటే అలా ఉండాలి" అంది. నేను వేరుశనక్కాయలు ఒలుచుకుంటూ కూర్చున్నాను. ఆవిడ పోయేదాకా చెప్పలేదు.

ఇప్పుడీ గొడవంతా ఎందుకంటే, మనవరాలి స్కూల్లో పిల్లలు వాళ్ళ ఓమాలు, ఓపాలు, అంటే అమ్మమ్మలూ తాతలూ, ఏం పని చేసేవారో క్లాసులో చెప్పాలట. ఒకడి తాత బేకరీ నడిపాడు. ఒకతె నాయనమ్మ ట్రామ్ నడిపింది. మా పిల్ల ఆగలేక, మా తాత కౌబాయ్ అని ముందే చాటేసింది. ఒక్కరూ నమ్మలేదు. శుక్రవారం దాని వంతు. నెట్‌లో అరిగిపోయిన ప్రింటు ఒకటి దొరికితే దాన్నే టీవీలో పెట్టాం.

"ఇదిగో, ఈ పడ్డవాడు నేనే" అన్నాను.

"గెజిష్ట్ ఎక్కడ?" అంది. ముఖం ఎక్కడా అని.

మా అమ్మాయి వంటింట్లోంచి, "పాత ఫోటో ఒక్కటైనా లేదా నాన్నా?" అంది. ఫైటర్లకి ఫోటోలు తీసేదెవడు? పిల్ల టీవీ కట్టేసి, "పర్లేదులే తాతా" అని లేచింది. ఆ జాలి చూసి, నిజం చెప్పొద్దూ, ఏడుపొచ్చింది. ఊరంతా నమ్మకపోతే పోయింది, నా రక్తం పంచుకున్న పిల్ల అయినా నమ్మాలిగా.

గురువారం స్కూలు వదిలాక దాన్ని తీసుకొస్తున్నాను. ట్రామ్ స్టాపు దగ్గర మంచు గడ్డకట్టుంది. కాలు జారింది. నేననుకునేలోపే ఒళ్ళు దాని పని అది చేసుకుపోయింది. భుజం మీద దొర్లి, లేచి కూర్చున్నాను. తుంటి కాస్త చురుక్కుమంది, అంతే. పక్కనున్న ఆడమనిషి హడలిపోయి పరిగెత్తుకొచ్చింది. మా పిల్ల మాత్రం నిలబడ్డచోటే నిలబడి నా తలకేసి చూస్తోంది. నా ఎడమ చెయ్యి ఉన్ని టోపీ అంచు పట్టుకుని ముఖానికి అడ్డంగా లాగి ఉంది.

"దస్ బిస్ట్ దు" అంది. అది నువ్వే, అని. ఆ మాత్రం జర్మన్ నాకూ వచ్చు.

"నేనేగానీ, ముందు నన్ను లేపవే తల్లీ" అన్నాను.

ఇంటికి రాగానే బూట్లయినా విప్పకుండా టీవీ ముందు కూర్చుంది. టోపీ మీదికి చెయ్యి పోయిన ప్రతివాణ్ణీ ఆపి చూపిస్తోంది. ఇది తాత, ఇదీ తాత. నేను మర్చిపోయిన చావులు కూడా పట్టేసింది. "రేపు మా క్లాసులో పడి చూపిస్తావా?" అంది. పరుపు వేయిస్తే పడతానన్నాను. మా అమ్మాయి గరిటె పట్టుకుని వచ్చి గుమ్మంలో నిలబడి నవ్వుతోంది.

అంతలో గుర్రబ్బండి సీను వచ్చింది. హీరో గుట్ట మీంచి దూకాడు. గాల్లో ఉండగా ఎడమ చెయ్యి టోపీ మీదికి పోయింది. పిల్ల ఆపింది. వెనక్కి తిప్పి మళ్ళీ చూసింది.

"ఇదీ నువ్వే" అంది.

"అది హీరోనే. అమ్మమ్మకి ఆ సీనంటే ఎంత పిచ్చో" అంది మా అమ్మాయి.

అవునమ్మా, అది హీరోగారే, అనే మాట అలవాటు కొద్దీ నా నోటిదాకా వచ్చింది. పిల్ల రెప్ప వెయ్యకుండా నాకేసి చూస్తోంది. మాస్టారు ఉండుంటే ఏమనేవారో.

"నేనే" అన్నాను.

మా అమ్మాయి నవ్వు ఆగిపోయింది. "అమ్మకి తెలుసా?" అంది.

"తెలీదు. తెలీకుండానే మెచ్చుకుంది."

అది గరిటె అక్కడే పెట్టేసి వచ్చి నా పక్కన కూర్చుంది. "మళ్ళీ పెట్టవే" అంది కూతురితో. పిల్ల మళ్ళీ పెట్టింది. నేను గుట్ట మీంచి దూకగానే మా అమ్మాయి రెండు వేళ్ళూ నోట్లో పెట్టుకుని ఈల వేసింది. దానికి ఈల వెయ్యడం వచ్చని నాకు అప్పటిదాకా తెలీదు.