గౌదెన్సియో కళ్లు

గౌదెన్సియో కుదురుగా కూర్చోగా నేనెప్పుడూ చూడలేదు. ఇటలీలోని తొరీనోలో మా మూకీ సినిమాల స్టూడియోకి గాజు కప్పు. సూర్యుడే మా దీపం. మబ్బు పట్టిందంటే షూటింగ్ ఆగేది, నటులంతా పేకాటలో పడేవారు. ఇతను మాత్రం కాలుగాలిన పిల్లిలా తిరుగుతూ, నేను ఇస్త్రీ చేసిచ్చిన చొక్కాని నలిపి పారేసేవాడు. దుస్తుల పని నాది కాబట్టి నాకు ఒళ్లు మండేది.

అతని బాధ అతనిది. నాటకాల్లో ప్రేమికుడి వేషాలు కట్టి పేరు తెచ్చుకున్నవాడు. ఆ లేత నీలి కళ్ల కోసమే ఆడవాళ్లు ముందు వరసలో కూర్చునేవారట. కానీ అప్పటి ఫిలిం మీద నీలం తెల్లగా పడేది. తెర మీద చూస్తే అతనికి కనుపాపలే లేనట్టుండేది. ఇంకేముంది, దర్శకుడు రవెత్తి వరసపెట్టి గుడ్డి వేషాలే ఇచ్చాడు. గుడ్డి బిచ్చగాడు, గుడ్డి ఫిడేలువాడు, చివరికి గుడ్డి యువరాజు కూడా.

"ఒక్కసారి కథానాయిక వంక చూడనివ్వండి, రవెత్తిగారూ!"

"నువ్వు చూస్తే జనం జడుసుకుంటారయ్యా."

పోరగా పోరగా ఒక ప్రేమకథలో వేషం దొరికింది. దగ్గర నుంచి తీసే షాట్‌లో కెమెరా చుట్టూ నల్ల మఖమల్ గుడ్డ పట్టుకుంటే, ఆ నలుపు కళ్లలో పడి చూపు తెలుస్తుందన్నాడు కెమెరామన్. మఖమల్ పట్టుకునే పని నా నెత్తిన పడింది.

"మఖమల్ మీద నుంచి చూపు తిప్పావో, మళ్లీ సున్నం కొట్టిన గోడవే," అన్నాను.

"ఊపిరన్నా పీల్చుకోవచ్చా, ఎర్సీలియక్కా?"

చెమట కారిపోతున్నా రెప్ప వేయలేదు, మహానుభావుడు.

సినిమా విడుదలయ్యాక ఆదివారం మధ్యాహ్నం ఆటకు నన్ను లాక్కుపోయాడు. టోపీ ముక్కు మీదికి లాక్కుని, కాళ్లాడిస్తూ బెంచీ అంతా కదిలించేశాడు. ఆ షాట్ వచ్చింది. అమ్మాయి గడ్డం ఎత్తి కళ్లలోకి చూశాడు. అబద్ధమెందుకు, నా గుండె కూడా ఝల్లుమంది.

హాలంతా లేచి నిలబడింది. "చూపొచ్చింది! గుడ్డోడికి చూపొచ్చింది!" అని ఒకటే ఈలలు. ఆ అమ్మాయిని పట్టించుకున్నవాడు లేడు.

"ప్రేమిస్తున్నానురా, వెధవల్లారా!" అని అరిచాడు గౌదెన్సియో. ఆ గోలలో ఎవరికీ వినబడలేదు. విసురుగా బయటికి నడిచాడు. నేనూ వెంటపడ్డాను. నాకు ఏడుపొచ్చింది. అంత కష్టమూ నవ్వులపాలయిందనిపించింది.

వాకిట్లో ఒక ముసలావిడ, కూరగాయలమ్మే మనిషి, కళ్లొత్తుకుంటూ అతని చెయ్యి పట్టుకుంది.

"చూశావా నాయనా? ఫిడేలు సినిమా చూసినప్పట్నుంచీ ఆ పిల్లాడి కోసం కొన్సొలాతా మరియమాతకి కొవ్వొత్తి వెలిగిస్తున్నాను. ఇవాళ్టికి తల్లి విన్నది."

తిట్టబోయినవాడల్లా మెల్లగా టోపీ తీశాడు.

"ఆ పిల్లాణ్ణి నేనేనమ్మా."

ముసలావిడ ఆ లేత కళ్లలోకి చూసి కంగారుపడింది. అతని మొహం ముందు అరచెయ్యి ఇటూ అటూ ఆడించింది.

"కనబడుతున్నానా, నాయనా?"

"కనబడుతున్నావమ్మా," అన్నాడు గౌదెన్సియో.