వదిన కలిపిన రెండు పట్టీలు

మొన్న సూరత్‌లోని పర్వత్ పాటియాలో మా అబ్బాయి కొత్తగా తీసుకున్న ఇంటికి వెళ్ళాను. బండలు పరిచేవాళ్ళు వంటగది నేల మీద ఒక పెద్ద చతురస్రం పూర్తిచేసి, దానికి రెండు పక్కలా సన్నని పట్టీలు అతికించి, మూల మాత్రం ఖాళీగా వదిలేసి టీ తాగడానికి వెళ్ళినట్టున్నారు. ఆ మూలను చూస్తూ ఎంతసేపు నిలబడ్డానో నాకే తెలియదు. కళ్ళముందు మాత్రం బమ్రోలిలో మేము అద్దెకున్న ఇంటి డాబా, దాని మీద కాళ్ళు చాపుకుని కూర్చున్న మా వదిన మెదిలింది.

నా ఈడువాళ్ళకు ఆ రోజుల సూరత్ గుర్తుండే ఉంటుంది. మగ్గాల చప్పుడు దూరాన కురిసే వానలా పగలంతా వినిపిస్తూనే ఉండేది, గాలిలో తేలే పీచు ఎండ తగిలినప్పుడల్లా వెండిలా మెరిసేది. నాన్న, అన్న కార్ఖానాకు వెళ్ళాక ఇంట్లో అమ్మ, వదిన, నేను మిగిలేవాళ్ళం. కరీంనగర్ వైపు పల్లె నుంచి కోడలిగా వచ్చిన వదినకు పదో తరగతి లెక్కల దగ్గరే ఆగిపోయింది. మా వీధి అంగన్‌వాడీలో పిల్లలకు చెప్పే పని ఖాళీ అవుతుందని, పది పాసైతే చాలని తెలిసిన రోజు నుంచి ఆమెకు అదే ధ్యాస. అప్పటికే ఆమె కడుపుతో ఉంది. అమ్మ వద్దనలేదు గాని, "గీ ఒక్కసారే రాయి బిడ్డా. పిల్లనో పిలగాడో అయినంక పుస్తకం ముట్టేతందుకు నీకు తీరదు" అని మాత్రం తేల్చి చెప్పింది.

అంతకు ముందే పది దాటిన నేను, కాలేజీ నుంచి రాగానే వదినకు గురువునయ్యేదాన్ని. తక్కినవన్నీ వచ్చేవి గాని, a, b కలిపి వర్గం చేయమంటే ఆమె ప్రతిసారీ a వర్గం, b వర్గం అని రాసి ఊరుకునేది. నడుమ ఉండాల్సిన 2ab ఆమెకు ఎన్నడూ గుర్తుండేది కాదు. ఒకరోజు విసిగిపోయి పుస్తకం మూసి, "నాకు రాదు తియ్యి పిల్లా, పోనీ" అని మొహం తిప్పుకుంది. కళ్ళు తుడుచుకోవడం నేను చూడకూడదని కాబోలు.

ఏం తోచక, కార్ఖానా నుంచి అన్న తెచ్చిన చిందీ గుడ్డ ముక్కల మూట విప్పాను. ఎర్రటి పెద్ద చతురస్రం ఒకటి, పసుపుపచ్చ చిన్న చతురస్రం ఒకటి కత్తిరించి, మూలకు మూల తగిలేలా నేల మీద పరిచాను. ఇది నువ్వు రాసిన జవాబు, ఇంతటితో మొత్తం కలిసి ఒకే చతురస్రం అయిందా అని అడిగాను. వదిన ముక్కల అంచుల వెంట వేలు జరిపింది. "కాలే. గీ పక్క, గా పక్క ఖాళీ ఉన్నది గదా" అంది మెల్లగా. తర్వాత నేను చెప్పకుండానే కత్తెర తీసుకుని, నీలం గుడ్డలో రెండు పట్టీలు కోసి ఆ ఖాళీల్లో పెట్టింది. "గివేనా రెండు abలు?" అని నవ్వింది. మిరపకాయలు ఎండబోస్తున్న అమ్మ ఆగి, ఇది చదువా దర్జీ పనా అని అడిగి, తానూ వచ్చి మా పక్కన కూర్చుంది. ఆ తర్వాత నెలంతా మా డాబా మీద చతురస్రాలే.

పరీక్ష కేంద్రం ఊరవతల సచిన్ అనే చోట పడింది. ఎండలో, కిక్కిరిసిన బస్సులో, నిండు నెలల వదినను పట్టుకుని వెళ్ళింది అమ్మే. గేటు బయట గోడ నీడన సద్ది పెట్టుకుని, అయ్యేదాకా కదలలేదట. చతురస్రపు తోట వైశాల్యం x² + 6x + 9, అది వంద చదరపు మీటర్లయితే x ఎంత అని ఒక లెక్క వచ్చిందట. ఆరు x ను రెండు పట్టీలుగా చీల్చితే ఒక్కోటి మూడు x, మూలన మూడు మూళ్ళ తొమ్మిది. అంటే తోట భుజం x + 3, అది పది, కాబట్టి x ఏడు. వదిన బస్సులోనే అమ్మ అరచేతి మీద వేలితో గీసి చూపించిందట. అమ్మకు ఏమర్థమైందో గాని, ఇంటికి రాగానే "రాసింది, మంచిగనే రాసింది" అని వాడకట్టంతా చెప్పింది.

వదిన పాసైంది. పాప పుట్టిన మరుసటి ఏడు, ఆ పాపను చంకనేసుకునే అంగన్‌వాడీలో చేరి, తల నెరిసేదాకా అక్కడే పనిచేసింది. అమ్మ పోయింది. వదినకూ నాకూ మోకాళ్ళు మెట్లెక్కనివ్వవు, ఫోన్లలోనే పలకరింపులు.

ఇప్పుడు మా ఇళ్ళలో ఆడపిల్లను చదవొద్దనే మాట వినిపించదు, ఆ సంతోషం నాకు చిన్నది కాదు. మా మనవరాలు చెవుల్లో ఇయర్‌ఫోన్లు పెట్టుకుని, తలుపు మూసుకుని, మేము నెలంతా తంటాలు పడిన లెక్కను క్షణంలో తేల్చేస్తుంది. తనకు రానిదేదీ లేదనిపిస్తుంది. రాని లెక్క చుట్టూ ఇంటి ఆడవాళ్ళమంతా చేరి కూర్చున్న అలాంటి మధ్యాహ్నాలు మాత్రం ఇప్పుడు ఏ డాబా మీదా కనిపించవు.